గెలుపు తర్వాత ఆరు అధ్యాయాలు



రాక్షసుడు చచ్చాడు, యుద్ధం ముగిసింది, రాజుగారికి పట్టాభిషేకం జరిగింది అనగానే కథ కంచికి, మనం ఇంటికి అనుకోవడం మనకు చిన్నప్పటి నుంచీ అలవాటు. ఇంగ్లిష్ రచయిత జె.ఆర్.ఆర్. టోల్కీన్ తన పెద్ద నవల 'ద లార్డ్ ఆఫ్ ద రింగ్స్'ను అక్కడ ముగించలేదు. ఆ నవల 1954, 1955 సంవత్సరాల్లో మూడు సంపుటాలుగా వెలువడింది. లోపలి విభజన చూస్తే మాత్రం ఆరు భాగాలు. ఆఖరి భాగంలో 9 అధ్యాయాలున్నాయి. లోకాన్ని పీడించిన ఉంగరం అగ్నిపర్వతంలో పడి కరిగిపోయేది అందులో మూడో అధ్యాయంలోనే. అంటే శత్రువు నాశనమయ్యాక ఇంకా ఆరు అధ్యాయాల కథ మిగిలి ఉంది. ఆ ఆరింటిలో ఏముంది? దెబ్బలు తిన్నవాళ్ళు కోలుకోవడం ఉంది. తీర్పులున్నాయి, క్షమాభిక్షలున్నాయి. నరికేసిన చెట్ల చోట మొక్కలు నాటడం ఉంది. పాడుపడిన ఇళ్ళు బాగుచేసుకోవడం ఉంది. ఎంతకీ మానని గాయం కూడా ఒకటుంది.

ఈ రోజు నేను మాట్లాడబోయేది ఆ కోలుకునే కాలం గురించి. అది ఊహాలోకపు కాలమే. అయినా యుద్ధాల గురించి రోజూ వింటున్న మనకు ఆ ఆరు అధ్యాయాలు చాలా అవసరమని నా నమ్మకం.

కథ తెలియని వారి కోసం నాలుగు మాటలు చెబుతాను. మిడిల్ ఎర్త్ అనేది టోల్కీన్ సృష్టించిన లోకం. అక్కడ మనుషులతో పాటు ఎల్ఫ్‌లు, మరుగుజ్జులు, చెట్లలాంటి ఎంట్లు, హాబిట్లు ఉంటారు. హాబిట్లంటే మన ఎత్తులో దాదాపు సగం ఉండే చిన్న జనం. షైర్ అనే పచ్చని ప్రాంతంలో వ్యవసాయం చేసుకుంటూ బతుకుతారు. మోర్డోర్ దేశాధిపతి సౌరోన్ ఒక ఉంగరంలో తన శక్తిలో చాలా భాగం దాచుకున్నాడు. ఆ ఉంగరం ఫ్రోడో అనే హాబిట్ చేతికొస్తుంది. దాన్ని పుట్టిన నిప్పుల కొండలోనే పడేసి నాశనం చేయాలి. ఫ్రోడో, అతని తోటమాలి శామ్ కలిసి ఆ పని మీద బయల్దేరతారు. మరోవైపు గోండోర్ రాజ్యం సౌరోన్ సైన్యాలతో పోరాడుతూ ఉంటుంది. అక్కడి సింహాసనానికి వారసుడు అరగోర్న్. ఏళ్ళ తరబడి అడవుల్లో, సరిహద్దుల్లో మారుపేరుతో తిరిగినవాడు.

దర్శకుడు పీటర్ జాక్సన్ ఈ కథను న్యూజిలాండ్‌లో మూడు సినిమాలుగా తీశారు. అవి 2001, 2002, 2003లో వచ్చాయి. మూడోదానికి 11 ఆస్కార్లు దక్కాయి. శ్రోతల్లో చాలామంది ఆ సినిమాలు చూసే ఉంటారు. వాటిలో ఫ్రోడో ఇంటికి తిరిగొచ్చేసరికి ఊరు ఎప్పటిలాగే పచ్చగా ఉంటుంది. నవలలో అలా ఉండదు. గాయపడినవాళ్ళకు అరగోర్న్ వైద్యం చేసే ఘట్టం థియేటర్లకు వచ్చిన సినిమాలో లేదు, తర్వాత విడుదల చేసిన నిడివి ఎక్కువ ప్రతిలో కొద్దిగా చేర్చారు. షైర్ పాడైపోయి మళ్ళీ బాగుపడిన ఘట్టం ఎందులోనూ లేదు. సినిమాకు దాని అవసరాలు దానికుంటాయి. అయితే సినిమా మాత్రమే చూసినవారికి ఈ కథ గుండెకాయలో ఒక భాగం చేరలేదనే చెప్పాలి.

ఇదంతా రాసినవాడి జీవితాన్ని ఒకసారి చూద్దాం. టోల్కీన్ 1892లో దక్షిణాఫ్రికాలోని బ్లూమ్‌ఫాంటేన్‌లో పుట్టాడు. ఇంగ్లండ్‌లో బర్మింగ్‌హామ్ పక్కన సేర్‌హోల్ అనే పల్లెలో బాల్యం కొంత గడిచింది. అక్కడ ఏరు, పిండిమర, చెట్లు ఉండేవి. తన బాల్యపు పల్లెసీమ తనకు పదేళ్ళు నిండకముందే పాడైపోవడం మొదలైందని నవల రెండో ముద్రణకు రాసిన ముందుమాటలో చెప్పుకున్నాడు. బడిలో ఆయనకు ప్రాణస్నేహితులు ముగ్గురు. వాళ్ళు నలుగురూ కలిసి కవిత్వం చదువుకునేవాళ్ళు, లోకానికి ఏదో మంచి చేయాలని కలలు కనేవాళ్ళు. అంతలో మొదటి ప్రపంచ యుద్ధం వచ్చింది. 1916 జులై 1న ఫ్రాన్స్‌లో సోమ్ యుద్ధం మొదలైంది. ఆ ఒక్క రోజులోనే బ్రిటిష్ సైన్యంలో 19,000 మందికి పైగా చనిపోయారు. ఆ నలుగురిలో రాబ్ గిల్సన్ ఆ రోజే పోయాడు. జెఫ్రీ బాచ్ స్మిత్ డిసెంబరులో ఫిరంగి గుండు ముక్క తగిలి పోయాడు. టోల్కీన్ సిగ్నల్స్ అధికారిగా అదే యుద్ధంలో పనిచేసి, కందకాల్లో పేల వల్ల వచ్చే ట్రెంచ్ ఫీవర్ బారినపడి నవంబరులో ఇంగ్లండ్‌కు చేరాడు. ఆ తర్వాత యుద్ధం ముగిసేదాకా ఆయనకు ఆస్పత్రులూ, స్వదేశంలో చిన్నాచితకా సైనిక విధులే. తన లోకానికి చెందిన తొలి కథల్లో ఒకటైన గోండోలిన్ నగర పతనగాథను ఆయన ఆ కోలుకునే రోజుల్లోనే రాశాడు.

కాబట్టి జ్వరం, పక్క దిగలేని నీరసం, పోయినవాళ్ళ జ్ఞాపకం ఆయనకు పుస్తకాల్లో చదివి తెలిసినవి కావు. 'ద లార్డ్ ఆఫ్ ద రింగ్స్' ఫలానా యుద్ధానికి ప్రతీక అని ఎవరైనా అంటే ఆయన ఒప్పుకోలేదు. ఆ మాటను మనం గౌరవిద్దాం. యుద్ధం నుంచి బతికి వచ్చినవాడికి మాత్రమే తెలిసే సంగతులు ఈ నవలలో ఉన్నాయని చెప్పడం వేరు. అవి ఎక్కువగా ఉన్నది యుద్ధఘట్టాల్లో కంటే వైద్యశాల ఘట్టంలో, ఇల్లు చేరిన ఘట్టంలో.

గోండోర్ రాజధాని మినాస్ తిరిత్ కొండ మీద ఏడు అంచెలుగా కట్టిన నగరం. ఆరో అంచెలో వైద్యశాలలున్నాయి. చుట్టూ తోట, పచ్చిక, చెట్లు. నగరం మొత్తంలో అలాంటి తోట ఇంకొకటి లేదు. ఉంగరం ఇంకా కరగకముందే, పెలెన్నోర్ మైదానంలో మహాయుద్ధం జరిగిన సాయంత్రానికి అక్కడికి ముగ్గురు రోగులు చేరారు. ఫరామిర్ అనే సేనాపతి ఒకడు. బాణం దెబ్బ తగిలి జ్వరంతో ఒళ్ళు తెలియని స్థితిలో ఉన్నాడు. రెండో రోగి ఎయోవిన్. రోహన్ దేశపు రాజుకు మేనకోడలైన ఆమె మగవేషంలో యుద్ధానికి వచ్చి శత్రు సేనాని అయిన ప్రేతరాజును చంపింది. మూడోవాడు ఆమెకు సాయపడిన హాబిట్ మెర్రీ. ఆ ప్రేతరాజును కత్తితో తాకినందుకు ఎయోవిన్ చేయి, మెర్రీ చేయి మంచుగడ్డలా చల్లబడ్డాయి. క్రమంగా స్పృహ తప్పుతోంది. గోండోర్ వైద్యులు కత్తిపోట్లకు, ఎముకలు విరిగినవాటికి ఆరితేరినవాళ్ళు. ఈ జబ్బు మాత్రం వాళ్ళకు అంతుపట్టలేదు.

అక్కడ పనిచేసే ఆడవాళ్ళలో అందరికంటే పెద్దది అయోరెత్. మాటలపోగు. అసలు రాజుగారి చేతికి జబ్బు నయం చేసే గుణం ఉంటుందని, నిజమైన రాజును అలాగే గుర్తుపట్టేవాళ్ళని పెద్దలు చెప్పుకునేవారంటూ ఆమె కన్నీళ్ళు పెట్టుకుంటుంది. ఆ మాట గాండాల్ఫ్ చెవినపడుతుంది. ఆ ముసలి మాంత్రికుడు వెంటనే అరగోర్న్ కోసం వెళతాడు. ఇక్కడ టోల్కీన్ చూపిన పద్ధతి నాకెంతో నచ్చింది. అరగోర్న్ ఆ యుద్ధం గెలిపించాడు, సింహాసనం అతనిదే. అయినా రాజుగా నగరంలోకి అడుగుపెట్టడానికి ఇష్టపడక గోడ బయట డేరా వేసుకున్నాడు. అలాంటివాడు రోగుల కోసం మాత్రం బూడిదరంగు దుప్పటి కప్పుకుని, జెండా లేకుండా, బాకా ఊదించకుండా నగరంలోకి వస్తాడు. అతను రాజని జనానికి తెలిసింది అతని హస్తవాసి వల్లే. కిరీటం తర్వాతెప్పుడో వచ్చింది.

అతను అడిగిన మూలిక అథెలాస్. మన కథల్లో లక్ష్మణుడి కోసం హనుమంతుడు కొండనే పెకలించుకుని రావలసి వచ్చింది. ఇక్కడ వెతుక్కునే మొక్క ఊరి పక్కన పొదల్లో దొరికేదే. అయినా వైద్యశాలలో లేదు. మూలికల పెద్ద వచ్చి దానికి ఏ భాషలో ఏ పేరుందో, దాని గురించి పాత పాటల్లో ఏముందో పొల్లుపోకుండా వివరిస్తాడు. మొక్క మాత్రం ఆయన దగ్గర లేదు, ఎందుకంటే దానికి గుణమేమీ లేదని, తలనొప్పికి ముసలివాళ్ళు వాడుకునే ఆకు అని ఆయన చదువు చెప్పింది. చివరికి ఒక కుర్రాడు ఎక్కడినుంచో ఆరు ఆకులు గుడ్డలో చుట్టి తెస్తాడు. అరగోర్న్ ఆకులు చేతుల్లో నలిపి, ఆవిరి వచ్చే నీళ్ళలో వేస్తాడు. ఆ గదిలో అందరికీ గుండె తేలికపడుతుంది. ఆ వాసన ఒక్కో రోగి దగ్గర ఒక్కోలా ఉండడం టోల్కీన్ చేసిన గొప్ప కల్పన. ఎయోవిన్ దగ్గర మంచుకొండల మీది చల్లగాలిలా, మెర్రీ దగ్గర తేనెటీగలు ముసిరిన తోటలా వస్తుంది. మందు ఒకటే, రోగి మాత్రం ఎవరికి వారే అన్న సత్యం అందులో ఉంది.

ఇంకో సంగతి గమనించండి. ఆకు నలపగానే జబ్బు మాయం కాలేదు. అంతకుముందు ఫరామిర్ పక్కన మోకరిల్లి, నుదుటి మీద చేయి వేసి, అతన్ని పేరుపెట్టి పదేపదే పిలుస్తాడు అరగోర్న్. పిలిచేకొద్దీ తానే నీరసపడిపోతాడు. ఆ రాత్రి ముగ్గురితో పని అయిపోలేదు. వాకిట్లో జనం చేరారు, తమవాళ్ళను కూడా చూడమని వేడుకున్నారు. తెల్లవారుజాము దాకా తిరిగి తిరిగి వైద్యం చేశాడు. వైద్యం చేసేవాడి ఒంట్లోంచి శక్తి ఖర్చవుతుందని ఆస్పత్రుల్లో రాత్రి డ్యూటీలు చేసే నర్సులకు, డాక్టర్లకు చెప్పనక్కర్లేదు.

ఎయోవిన్ విషయంలో టోల్కీన్ మరింత లోతుకు వెళ్ళాడు. ఆమె జబ్బు యుద్ధంలో మొదలవలేదంటాడు అరగోర్న్. ముసలితనంలో దిగజారిపోతున్న రోహన్ రాజుకు ఏళ్ళ తరబడి సేవ చేస్తూ, వీరులైన మగవాళ్ళు బయట తిరుగుతుంటే నాలుగు గోడల మధ్య కుమిలిపోయిందామె. ఆమెతో పాటే పెరిగిన అన్నకు ఆ బాధ కనబడలేదు. అరగోర్న్ ఆమె ఒంటికి నయం చేశాడు, మనసుకు నయం చేయడం తన చేతిలో లేదని ఒప్పుకున్నాడు. లేచి తిరగగలిగాక కూడా ఆమె కోరింది మళ్ళీ యుద్ధానికి పోయి వీరమరణం పొందడమే. అప్పుడు అదే తోటలో తనలాగే కోలుకుంటున్న ఫరామిర్ పరిచయమవుతాడు. అతను ఆమెకు నీతులు చెప్పడు. పక్కన నడుస్తాడు, ఆమె చూస్తున్న తూర్పు దిక్కుకే తనూ చూస్తాడు, చలిగా ఉందని తన తల్లి దుప్పటి కప్పుతాడు. రోజులు గడిచాక ఆమెలో చలి తగ్గుతుంది. ఇకపై కత్తి పట్టడంలో సంతోషం వెతుక్కోనని, వైద్యం చేసే మనిషినవుతానని, పెరిగే ప్రతిదాన్నీ ప్రేమిస్తానని నిర్ణయించుకుంటుంది. రోగిగా చేరిన మనిషి వైద్యురాలు కావాలనుకోవడం కంటే పెద్ద గెలుపు ఈ నవలలో ఏముంది?

అరగోర్న్ సింహాసనమెక్కాక చేసిన పనులు కూడా చికిత్సలో భాగమే. తనమీద యుద్ధానికి వచ్చి లొంగిపోయిన తూర్పు దేశాలవాళ్ళను క్షమించి విడిచిపెట్టాడు. దక్షిణాన హరాద్ జనంతో సంధి చేసుకున్నాడు. మోర్డోర్‌లో సౌరోన్ సైన్యానికి తిండి పండించడానికి బానిసలుగా పడి ఉన్నవాళ్ళను విడిపించి, నూర్నెన్ సరస్సు చుట్టూ ఉన్న భూమంతా వాళ్ళకే ఇచ్చేశాడు. దున్నినవాడికే భూమి దక్కింది. అడవిలో ఉండే డ్రూయెడాయిన్ అనే ఆదిమ జాతికి వాళ్ళ అడవిని శాశ్వతంగా రాసిచ్చి, వాళ్ళ అనుమతి లేకుండా ఎవరూ అందులో అడుగుపెట్టకూడదని చాటించాడు.

బెరెగోండ్ అనే భటుడి తీర్పు చెప్పాలి. ఫరామిర్ తండ్రి డెనెథోర్ నిరాశతో మతి తప్పి, బతికున్న కొడుకును తనతో పాటు చితి మీద కాల్చబోయాడు. బెరెగోండ్ తన కాపలా విడిచి పరుగెత్తి, అడ్డుపడిన తోటివాళ్ళ మీద కత్తి ఎత్తి ఫరామిర్ ప్రాణం కాపాడాడు. పాత చట్టం ప్రకారం కాపలా విడవడానికి, పవిత్రస్థలంలో రక్తం చిందించడానికి మరణశిక్షే. రాజు ఏం చేశాడు? మరణశిక్ష తొలగించాడు. అయితే జరిగింది జరగనట్టు వదిలేయలేదు, కోట భటుల దళం నుంచి అతన్ని తప్పించి నగరం విడిచి వెళ్ళమన్నాడు. బెరెగోండ్ ముఖం పాలిపోయింది. అప్పుడు అసలు మాట చెప్పాడు. ఇథిలియెన్‌కు పాలకుడిగా వెళ్ళబోయే ఫరామిర్‌కు అంగరక్షకుల నాయకుడు నువ్వే అన్నాడు. చట్టం మాట నిలిచింది, మనిషి నిలబడ్డాడు, అతను ఎవరికోసం తెగించాడో ఆయన పక్కనే చోటు దొరికింది.

ఇప్పుడు షైర్‌కు వద్దాం. ఫ్రోడో, శామ్, మెర్రీ, పిప్పిన్ నలుగురు హాబిట్లూ ఇల్లు చేరేసరికి ఊరు గుర్తుపట్టేలా లేదు. వీధి పొడుగునా చెట్లు నరికేశారు. ఏటి ఒడ్డున పెద్ద కొత్త మిల్లు పొగ, మురికి కక్కుతోంది. వికారమైన ఇటుక ఇళ్ళు లేచాయి. ధాన్యం గుంజుకుపోయారు, ఎదురు మాట్లాడినవాళ్ళను జైల్లో వేశారు. ఓడిపోయిన మాంత్రికుడు సారుమాన్ పగతో చేయించిన పని ఇది. అతనికి ముందు తలుపు తెరిచింది మాత్రం లోతో అనే ఊరి ఆశపోతే. సారుమాన్ తెచ్చిన దుండగుల మీద హాబిట్లు తిరగబడ్డారు. వాళ్ళ పంచాంగం ప్రకారం 1419 నవంబరు 3న బైవాటర్ దగ్గర పోరు జరిగింది. హాబిట్లలో 19 మంది చనిపోయారు. ఫ్రోడో ఆ పోరులో కత్తి దూయలేదు. తమవాళ్ళు చనిపోయిన కోపంలో, లొంగిపోయినవాళ్ళను చంపకుండా ఆపడమే అతను చేసిన పని.

తర్వాత శుభ్రం చేసే పని మొదలైంది. దుండగులు కట్టిన ఇళ్ళన్నీ శీతాకాలం పండుగలోపే పడగొట్టారు, ఆ ఇటుకల్నే తీసుకెళ్ళి పాత ఇళ్ళు బాగుచేసుకున్నారు. దాచిన ధాన్యం బయటికి తీశారు. ఇందులో లొబీలియా అనే ముసలమ్మ కథ నన్ను కదిలిస్తుంది. ఆమె లోతో తల్లి. ఫ్రోడో ఇంటి మీద ఏళ్ళ తరబడి కన్నేసి, అతన్ని సాధించి, చివరికి దక్కించుకున్న మనిషి. దుండగులకు గొడుగు ఎత్తి ఎదురుతిరిగినందుకు ఆమెను జైల్లో వేశారు. విడిపించి బయటికి తెచ్చిన రోజున జనమంతా చప్పట్లు కొట్టారు. తన జన్మలో ఊరి మెప్పు ఆమెకు ఏనాడూ దక్కలేదు. ఆమె కళ్ళు చెమర్చాయి. కొడుకు హత్యకు గురయ్యాడని తెలిసి కుప్పకూలింది. ఇల్లు ఫ్రోడోకు తిరిగి ఇచ్చేసి పుట్టింటివాళ్ళ దగ్గరికి వెళ్ళిపోయింది. మరుసటి వసంతంలో ఆమె చనిపోయాక తెలిసింది, తనదీ కొడుకుదీ మిగిలిన డబ్బంతా ఇళ్ళు పోగొట్టుకున్న హాబిట్ల కోసం ఖర్చుపెట్టమని ఫ్రోడో పేర రాసి పెట్టిందని. పాత పగ అలా తీరింది.

ఇళ్ళు కట్టడానికి నెలలు చాలు. చెట్లు పెరగడానికి తరాలు పడతాయి. తోటమాలి శామ్‌కు అదే దిగులు. తన మునిమనవలకు గానీ పాత షైర్ కనబడదనుకున్నాడు. అప్పుడు గుర్తొచ్చింది, ఎల్ఫ్‌ల రాణి గలాడ్రియెల్ తనకు బహుమతిగా ఇచ్చిన చిన్న పెట్టె. అందులో ఆమె తోటలోని మన్ను, మధ్యలో వెండిరంగు గింజ ఒకటి ఉన్నాయి. ఒకచోటే పోసి తన తోటను స్వర్గం చేసుకోవచ్చు. శామ్ అలా చేయలేదు. ఇంతమంది నష్టపోయినప్పుడు అంతా తనకే ఉంచుకుంటే ఆ తల్లి మెచ్చదనుకున్నాడు. షైర్ అంతా తిరిగి, జనానికి ఇష్టమైన చెట్లు ఎక్కడెక్కడ పోయాయో అక్కడల్లా మొక్క నాటి, వేరు దగ్గర ఒక్కొక్క రేణువు ఉంచాడు. మిగిలిన చిటికెడు మన్నును షైర్ నడిబొడ్డున రాయి దగ్గర గాలిలోకి చల్లాడు. వెండి గింజను ఊరివాళ్ళు వేడుకలు చేసుకునే మైదానంలో, నరికేసిన పాత చెట్టు చోటే నాటాడు. చలికాలమంతా ఓపిక పట్టాడు.

1420 వసంతంలో ఆ మొక్కలు ఇరవై ఏళ్ళ పెరుగుదలను ఒక్క ఏడాదిలో చూపించాయి. పంటలు విరగపండాయి, జబ్బుపడ్డవాళ్ళు లేరు, పుట్టిన పిల్లల్లో చాలామందికి బంగారు జుట్టు. ఆ ఏడాది బార్లీతో కాచిన బీరు రుచి గురించి తరాల తరబడి చెప్పుకున్నారు. ఆ సంవత్సరం సుభిక్షంలో మాయ ఉంది, నిజమే. ఆ మాయ ఒక తోటమాలి కాళ్ళరిగేలా తిరిగిన చోట్లకే చేరింది. వరం దొరకడం ఒక ఎత్తు, దాన్ని రేణువు రేణువుగా ఊరందరికీ పంచడం ఇంకో ఎత్తు. షైర్ కోలుకున్నది ఆ రెండో ఎత్తు వల్ల.

ఇంత పచ్చదనం నడుమ ఫ్రోడో మాత్రం కోలుకోలేదు. ప్రతి అక్టోబరు 6న, ప్రేతరాజు కత్తితో భుజంలో పొడిచిన రోజున, అతనికి జబ్బు చేసేది. ప్రతి మార్చి 13న, సాలీడు షెలోబ్ విషం ఎక్కిన రోజున, మళ్ళీ పడిపోయేవాడు. మొదటి మార్చిలో అతన్ని పక్క మీద అర్ధస్పృహలో చూసింది అతనికి తన ఇంట్లో చోటిచ్చిన రైతు. శామ్ ఆ సమయంలో ఊరూరా మొక్కలు నాటుతున్నాడు, తెలియనే లేదు. ఫ్రోడో చెప్పనూ లేదు. ఊరు మెర్రీ, పిప్పిన్‌లను వీరులుగా నెత్తిన పెట్టుకుంది. లోకాన్ని కాపాడిన ఫ్రోడోను పెద్దగా పట్టించుకోలేదు. ఇది శామ్‌కు బాధ కలిగించింది. తేదీ రాగానే తిరగబెట్టే గాయాన్ని టోల్కీన్ ఎంత కచ్చితంగా రాశాడో, యుద్ధాల నుంచి, ప్రమాదాల నుంచి బతికొచ్చినవాళ్ళు, వాళ్ళ ఇంటివాళ్ళు వెంటనే గుర్తుపడతారు.

ఫ్రోడోను ధైర్యం చెప్పుకోమని, మనసు గట్టి చేసుకోమని ఈ కథలో ఎవరూ అనరు. అరగోర్న్ భార్య ఆర్వెన్ ఆ బాధను ముందే ఊహించి, సముద్రం దాటి పశ్చిమదీవులకు వెళ్ళే ఓడలో తన చోటు అతనికిచ్చింది. 1421 సెప్టెంబరు 29న ఫ్రోడో ఆ ఓడ ఎక్కాడు. షైర్‌ను కాపాడాలని బయల్దేరాననీ, అది దక్కిందనీ, తనకు మాత్రం దక్కలేదనీ అతను శామ్‌కు చెప్పుకునే ఘట్టం చదివితే ఎవరికైనా గొంతు పూడుకుపోతుంది. కోలుకునే యుగాన్ని ఊహించిన రచయిత అందులో కోలుకోలేని మనిషికీ చోటుంచాడు. అతన్ని దాచిపెట్టలేదు, అతనిది బలహీనత అనలేదు. ఈ నిజాయితీ వల్లే మిగిలిన పచ్చదనాన్ని మనం నమ్మగలుగుతాం.

యుద్ధం తర్వాతి కథకు ఇంత చోటివ్వడం మన పాఠకులకు కొత్త కాదు. మహాభారతంలో కురుక్షేత్ర యుద్ధం 18 రోజుల్లో ముగుస్తుంది. ఆ తర్వాత స్త్రీల ఏడుపుంది, దాని వెనక పద్దెనిమిది పర్వాల్లోకెల్లా పెద్దదైన శాంతిపర్వం ఉంది. గెలిచిన ధర్మరాజు రాజ్యం వద్దంటాడు, అడవికి పోతానంటాడు. అంపశయ్య మీద ఉన్న భీష్ముడి దగ్గర కూర్చుని రాజధర్మం నేర్చుకుంటాడు. తిక్కన విరాటపర్వం నుంచి చివరిదాకా 15 పర్వాలను తెలుగు చేసినప్పుడు ఆ దుఃఖాన్నీ, ఆ ఓదార్పునూ మనకిచ్చాడు. వ్యాసుడి కథలో శాంతి ప్రధానంగా ఉపదేశం ద్వారా వస్తుంది. టోల్కీన్ కథలో ఎక్కువగా చేతిపని ద్వారా వస్తుంది. ఆకు నలపడం, గుంట తవ్వడం, ఇటుక మోయడం అన్నమాట. రెండు మార్గాలూ మనకు కావాలి.

ఇలా మొదలైన కాలాన్ని టోల్కీన్ నాలుగో యుగం అన్నాడు. అందులో మెర్రీ షైర్ మూలికల మీద పుస్తకం రాశాడు. శామ్ షైర్‌కు ఏడుసార్లు మేయర్‌గా ఎన్నికయ్యాడు. ఎల్ఫ్‌లు ఇథిలియెన్‌లో పాడైన అడవులకు ప్రాణం పోశారు, మరుగుజ్జులు మినాస్ తిరిత్ విరిగిన ద్వారాన్ని తిరిగి కట్టారు, ఎంట్లు సారుమాన్ కర్మాగారాలున్న ఇసెంగార్డ్‌ను చెట్లతో నింపేశారు. కోలుకోవడంలో ప్రతి జాతీ తనకు వచ్చిన పని తెచ్చింది. అయినా అది మచ్చలేని కాలం కాదు. అరగోర్న్ 120 ఏళ్ళకు పైబడిన పాలనలో దూరదేశాల్లో యుద్ధాలు తప్పలేదు. ఆయన తర్వాతి తరం గురించి టోల్కీన్ ఒక నవల మొదలుపెట్టాడు. అందులో శాంతికి అలవాటుపడి విసుగెత్తిన యువకులు మళ్ళీ చీకటి వైపు చూస్తారు. కొన్ని పేజీలు రాసి ఆయన దాన్ని వదిలేశాడు. కోలుకున్న లోకాన్ని కాపాడుకునే పని ప్రతి తరానికీ మళ్ళీ కొత్తగా ఉంటుందని ఆ అసంపూర్ణ రచన చెబుతోంది.

టోల్కీన్ 1939లో స్కాట్లండ్‌లోని సెయింట్ ఆండ్రూస్ విశ్వవిద్యాలయంలో అద్భుత కథల మీద ప్రసంగించాడు. అలవాటుపడి మనం చూడడం మానేసిన చెట్టును, రాయిని, రొట్టెను మళ్ళీ స్పష్టంగా చూపడం అలాంటి కథలు చేసే మేలని ఆయన వాదించాడు. ఈ ఆరు అధ్యాయాలు మన చూపును అలాగే సరిచేస్తాయి. ఎక్కడైనా యుద్ధం ముగిసిందన్న వార్త వచ్చిన రోజున, అల్లర్లు సద్దుమణిగాయన్న రోజున, మనం అడగవలసిన ప్రశ్నలు కొన్ని వీటిలో ఉన్నాయి. దెబ్బతిన్నవాళ్ళ పక్కన ఎవరు కూర్చున్నారు? వాళ్ళను పేరుపెట్టి పిలిచేవాళ్ళెవరు? బానిసలుగా బతికినవాళ్ళకు భూమి దక్కిందా? ఓడినవాడికి ఇల్లు చేరే దారి మిగిలిందా? నరికిన చోట మొక్క నాటారా, వరం ఊరందరికీ పంచారా? మానని గాయంతో తిరిగొచ్చినవాడికి మనం ఏ గౌరవం ఇచ్చాం, ఏ ఓడలో చోటిచ్చాం?

ఈ నవల చదవనివారు తప్పకుండా చదవండి. చదివినవారు ఆఖరి ఆరు అధ్యాయాలను ఈసారి తొందరపడకుండా చదవండి. గెలుపు గురించి చెప్పే కథలు లోకంలో కోకొల్లలు. గెలిచిన తర్వాత మనుషులు ఎలా మసలుకోవాలో ఇంత ప్రేమగా, ఇంత వివరంగా చెప్పిన కథలు తక్కువ. అలాంటి కథల్ని పిల్లలకు చెప్పుకునే జాతికి, కష్టం వచ్చిన రోజున కోలుకునే పని ఎక్కడ మొదలుపెట్టాలో తెలుస్తుంది.